తలుపు వెనక నాలుగు అంకెలు

నిన్న మధ్యాహ్నం మా తలుపు పిడి తిరిగింది. ఎవరూ తట్టలేదు, బెల్లు కొట్టలేదు. పిడి మెల్లగా కిందికి దిగి, పైకి లేచి, మళ్ళీ దిగింది. లోపల గడియ వేసి ఉంది కాబట్టి తలుపు రాలేదు. నా భార్య పద్మ పనికి వెళ్ళింది. నేను వంటింట్లో నిలబడి పెరుగన్నంలో ఆవకాయ నంజుకుంటున్నవాణ్ణి, ముద్ద చేతిలోనే ఆగిపోయింది. దేశం కాని దేశంలో, ఈ స్కార్‌బరోలో, పన్నెండో అంతస్తులో, పట్టపగలు, వేళ్ళకు పెరుగు అంటుకుని ఉండగా భయపడటం మగవాడికి ఏమంత గొప్పగా ఉండదు. అయినా భయపడ్డాను. దొంగభయం కాదది. పిడి అలా రెండుసార్లు తిరగటం నాకు బాగా తెలుసు. కారిడార్లోంచి లవంగమూ పిప్పర్మెంటూ కలిసిన గొంతుబిళ్ళ వాసన కూడా వచ్చిందనుకున్నాను. వాసన మటుకు రాలేదు, అది నా కల్పన.

చెయ్యి కడుక్కోకుండానే తలుపు దగ్గరకు వెళ్ళి, పిడి మీద చెయ్యేసి లోపల్లోపలే లెక్కపెట్టాను. ఒకటి, రెండు, మూడు, నాలుగు. అలా లెక్కపెట్టటం నాకు నేర్పినాయన పేరు డెనిస్. ఆయన పోయి రెండేళ్ళు దాటింది.

నా మాటల్లో తరుగు తీసి మిగిలింది నమ్మాలని మా చుట్టాలందరికీ తెలుసు. మీకు తెలియదు కనుక ముందే ఒప్పుకుంటున్నాను, నేను కోతలరాయుణ్ణి. అయితే డెనిస్ గారి గురించి కోయాల్సినవన్నీ ఆయన బతికుండగానే కోసేశాను. అవి ఏం చేశాయో కూడా చూశాను. ఇప్పుడిక కొయ్యటానికి ఏమీ మిగల్లేదు.

ఆయన మా ఇంటికి మొదటిసారి వచ్చింది ఒక ఆదివారం పొద్దున. అప్పట్లో మేం పగలంతా తలుపు చేరవేసి ఉంచేవాళ్ళం, గడియ పెట్టేవాళ్ళం కాదు. రాజమండ్రి అలవాటు. మనుషులు ఇంట్లో ఉండగా గడియ ఏమిటి అశుభంగా అనేది పద్మ. ఆ అంతస్తు మొత్తం మీద అలాంటి తలుపు మాదొక్కటే. ఆ పొద్దున పద్మ పెసరట్లు వేస్తుంటే తలుపు తెరుచుకుంది. ఎనభైకి దగ్గరపడ్డ తెల్లాయన, కోటు, టై, చేతిలో పాల డబ్బా, గుమ్మంలో నిలబడి మా ఇద్దరినీ చూశారు. ముఖంలో ఒక్క క్షణం ఏదో వెలిగి ఆరిపోయినట్టయింది. వెంటనే కనుబొమలెత్తి, తల కొంచెం పక్కకు వంచి, "తలుపు తీసే ఉంది మరి" అన్నారు. ఇంగ్లీషులోనే అన్నారు, కానీ ఆ అనటంలో ఎంత పొందిక ఉందంటే అట్లకాడ పట్టుకునే పద్మ పకపకా నవ్వేసింది. నేనూ నవ్వాను. ఆయన నేరుగా వచ్చి, ఎవరూ చెప్పకుండానే కిటికీ పక్క కుర్చీలో కూర్చుని, చుట్టూ చూసి, సామాను అటూ ఇటూ జరిపారా అని అడిగారు. మేం మళ్ళీ నవ్వాం.

ఇంటికొచ్చిన మనిషిని ఎందుకొచ్చావని అడగకూడదు. ముందు మంచినీళ్ళివ్వాలి, తర్వాత కాఫీయో టిఫినో పెట్టాలి, ఆయనంతట ఆయన చెబితే వినాలి. నాకు మా అమ్మ నేర్పింది, పద్మకు వాళ్ళమ్మ నేర్పింది. మేం నీళ్ళిచ్చాం, పెసరట్టు పెట్టాం. అల్లం పచ్చడికి ఆయన కళ్ళల్లో నీళ్ళు తిరిగినా రెండో అట్టు అడిగి మరీ తిన్నారు. ఎందుకొచ్చారని మాత్రం మేం అడగలేదు. సరిగ్గా మా కింద, పదకొండో అంతస్తులో, ఇదే మూల ఆయన ఇల్లని, అక్కడా కిటికీ పక్కన ఒక కుర్చీ ఉందని తర్వాత తెలిసింది. తెలిశాక కూడా ఆ రెంటినీ కలిపి చూడలేదు. వేరే ఇల్లయితే ఎవరయ్యా నువ్వు, ఎవరి కోసం అని నిలదీసేవాళ్ళు, ఆ పూటే సంగతి బయటపడేది. మా మర్యాద వల్ల అది చాలాకాలం లోపలే ఉండిపోయింది.

అప్పటినుంచి రెండు రోజులకోసారి రాకపోకలు మొదలయ్యాయి. మూర్తి అన్న నా పేరు ఆయన నోట్లో మర్ఫీ అయింది. ఐర్లండులో పుట్టాల్సినవాడివి దారి తప్పావనేవారు. ఆయన బ్రిటన్ టీవీ నటుడు. ఏ కాలంలోనో వారం వారం వచ్చిన ఒక కామెడీ సీరియల్లో ఏడేళ్ళపాటు కింది వాటా పొరుగాయన వేషం వేశారు. కథానాయకుడి ఇంట్లో జరగకూడనిది జరుగుతున్న క్షణాన సరిగ్గా తలుపు తీసుకుని వచ్చి, ఆ ఒక్క మాటా అనటమే వేషం. భార్యాభర్తలు పోట్లాడుకుంటుంటారు, లేదా ఇంటాయన మేనేజరు కోసం తెచ్చిన కేకు మీద కూర్చుని ఉంటాడు. తలుపు తెరుచుకుంటుంది. "తలుపు తీసే ఉంది మరి." స్టూడియోలో మూడొందల మంది ఎదుట కూర్చుని చూస్తుండగా రికార్డు చేసేవారట. ఆయన అడుగు పెట్టగానే చప్పట్లు, మాట అనగానే ఇల్లెగిరిపోయే నవ్వు.

ఆ నవ్వుకు ముందు సంగతి ఎవరికీ తెలియదు, మర్ఫీ అని ఒకరోజు చెప్పారు. సెట్టు మీద గది మూడు గోడలదే. ఆయన నిలబడేది తలుపు వెనక, అట్టగోడకూ తాళ్ళకూ మధ్య చీకట్లో. అక్కడ నిప్పంటుకుంటే చల్లటానికి ఇసుక బకెట్ ఒకటి ఉండేది. ఏడేళ్ళూ, ప్రతి వారం, ఆ బకెట్లో వాంతి చేసుకుని గొంతుబిళ్ళ చప్పరించి పిడి మీద చెయ్యేసేవారట. స్టూడియో పనివాళ్ళు ఆ బకెట్ మీద ఆయన పేరు రాశారట. తలుపు అవతల మాటలు వినిపిస్తుంటాయి, తను అందుకోవాల్సిన మాట వస్తుంది, వచ్చాక మనసులో నాలుగు లెక్కపెట్టి తీయాలి. మూడుకు తీస్తే నవ్వు రాదు, ఐదుకు తీస్తే అవతల నటుల గుండె ఆగుతుంది.

"భయం తలుపుకు వెనకవైపే ఉండాలి," అన్నారు. "నీతోపాటు దాన్ని గదిలోకి తీసుకొచ్చావో, జనం దాన్నే చూస్తారు, నిన్ను చూడరు."

సీరియల్ ఆగిపోయాక ఆయనకు పని దొరకలేదు. ఏ నాటకంలో రాజుగానో మంత్రిగానో తలుపు తీసుకుని వచ్చినా ప్రేక్షకుల్లో ఎవడో ఒకడు ఆ మాట అరిచేవాడట. ఒక తాళాల కంపెనీ ప్రకటనలో, తలుపు తెరవలేక తెల్లమొహం వేసే పాత్ర ఇచ్చారు. భార్య అంత్యక్రియలకు చర్చిలో అడుగు పెడుతుంటే వెనక బెంచీలోంచి ఎవరో అలవాటు కొద్దీ ఆ మాట అనేశారు, నలుగురు నవ్వారు. ఆయనా నవ్వారట. అక్కడ ఇంకేం చెయ్యగలనని నన్నడిగారు. ఆ తర్వాతే కూతురు మార్గరెట్ ఉన్న ఈ దేశానికి వచ్చేశారు. ఆమె విండ్సర్లో కార్ల ఫ్యాక్టరీలో ఇంజినీరు, ఇక్కడికి నాలుగు గంటల డ్రైవ్. ఈ ఊళ్ళో ఆయన్ని గుర్తుపట్టేవాళ్ళు లేరు. అది తనకు హాయిగా ఉందనేవారు. అలా అంటూనే లిఫ్టులో ముసలి ఇంగ్లీషువాళ్ళెవరైనా ఎక్కితే టై సర్దుకునేవారు.

నా కోతలు ఆయనకు మహా ఇష్టం. మా తాతగారు గోదావరి వరదలో గేదె మీద కూర్చుని రాజమండ్రి నుంచి ధవళేశ్వరం దాకా వెళ్ళి, అక్కడ ఆ గేదె అలిసిపోతే ఇంకో గేదె మారారని చెప్పాను. కళ్ళు మూసుకుని విన్నారు.

"రెండో గేదె వద్దు, మర్ఫీ," అన్నారు.

"ఎందుకండీ?"

"మొదటిదాన్ని నేను నమ్మాను. రెండోది వచ్చేసరికి మొదటిదీ పోయింది."

నలభై ఏడేళ్ళు వచ్చేవరకు నాకు అబద్ధం ఎక్కడ ఆపాలో తెలియదు. ఆయన నేర్పారు. ఒక గేదె, ఒక ఊరి పేరు, ఒక చిన్న ఇబ్బంది, అంతే. ఇబ్బంది తప్పనిసరిగా ఉండాలి, తోక పట్టుకుంటే చెయ్యి జారిందనో, తాతగారి ఉంగరం పోయిందనో. అప్పుడు ఎవరూ ప్రశ్నించరు. ఆ విద్యను నేను ఎవరి మీద వాడబోతున్నానో మా ఇద్దరికీ అప్పుడు తెలియదు.

మార్గరెట్ ఆదివారం ఆదివారం నాకు ఫోన్ చేసేది. నాన్న ఎలా ఉన్నారు, ఏమైనా తేడాగా ఉందా, మీరే కాస్త కనిపెట్టి ఉండాలి అనేది. మొదట్లో చెప్పటానికి ఏమీ లేదు. తర్వాత ఉంది. పేటలోని లైబ్రరీవాళ్ళు ఆయన చేత నటజీవితం గురించి మాట్లాడించాలనుకున్నారు. ఒప్పుకున్నారు గానీ వారం రోజులు అన్నం సహించలేదు. నాలుగు పేజీలు రాసుకుని, నన్ను పక్కగది తలుపు వెనక నిలబెట్టి, తను ఆగితే మాట అందించమన్నారు. నలభై మంది వచ్చారు. మార్గరెట్ విండ్సర్ నుంచి వచ్చి ముందు వరసలో కూర్చుంది. పది నిమిషాలు బ్రహ్మాండంగా నడిచింది. బకెట్ కథ దగ్గర జనం పొట్టలు పట్టుకున్నారు. తర్వాత, "అప్పుడు నా భార్య..." అని ఆగిపోయారు.

నేను అందించాను. వినిపించుకోలేదు. మళ్ళీ కొంచెం గట్టిగా అందించాను. ఆయన జనం కేసి చూస్తున్నారు, కానీ వాళ్ళెవరో, ఎందుకలా కూర్చున్నారో తెలియనివాడి చూపది. తలుపు సందులోంచి నాకు ఆయన చెయ్యి కనిపిస్తోంది. గాలిలో ఏదో పిడిని వెతుకుతోంది. జనం ఇది కూడా హాస్యమేమోనని చిరునవ్వులతో కాచుకుని ఉన్నారు. నా నోట్లో కూడా పుల్లటి నీరు ఊరింది. బకెట్ అయితే లేదు. నాలుగు లెక్కపెట్టి, తలుపు బార్లా తీసి, తల పక్కకు వంచి, నా రాజమండ్రి ఇంగ్లీషులో, "తలుపు తీసే ఉంది మరి" అన్నాను. హాలు గొల్లుమంది. ఆ నవ్వు విని డెనిస్ గారు నిద్రలేచినవాడిలా నా వైపు తిరిగి, "మా పొరుగాయన మర్ఫీ, ఇతనికి బొత్తిగా సమయం తెలియదు" అని అందుకున్నారు. అక్కడినుంచి చివరిదాకా పేజీలు చూడనేలేదు.

బయట కార్ల దగ్గర మార్గరెట్ నన్ను పక్కకు పిలిచి, అది ముందే అనుకున్నదా అని సూటిగా అడిగింది. మూడు రోజులు రిహార్సల్ చేశామన్నాను. నేను ప్రతిసారీ మూడుకే తీస్తున్నానని మీ నాన్న ఒకసారి చెంచా విసిరారు కూడా అన్నాను. ఒక ఊరి పేరు అవసరం లేకపోయింది. ఒక చిన్న ఇబ్బంది సరిపోయింది. ఆమె నమ్మింది. భుజాలు దిగేంతగా ఊపిరి వదిలి నా చెయ్యి పట్టుకుని థాంక్స్ చెప్పింది.

ఆ వారంలోనే పద్మ కిందికి పులిహోర పట్టుకెళ్ళి, ముఖం పాలిపోయి తిరిగొచ్చింది. కరెంటు పొయ్యి మీది తీగచుట్ట ఎర్రగా కాలుతోందట, దాని మీద ఖాళీ కెటిల్ అడుగు కరుగుతోందట, ఆయన పక్కనే కుర్చీలో కూర్చుని పేపరు చదువుతున్నారట. పొయ్యి ఆపితే, ఆయన తలెత్తి తలుపు తీసే ఉంది మరి అన్నారట.

"ఆయన నటించటం లేదండీ," అంది పద్మ. "మొదటిరోజు నుంచీ లేదు. మనమే నవ్వుతున్నాం. ఆ అమ్మాయికి చెప్పేయండి."

చెప్పేద్దామనే కిందికి వెళ్ళాను. ఆయనకు అంతా తెలుసు. ఏ రోజు ఏది గుర్తు తప్పిందో చిన్న చీటీల మీద రాసి, కోటు జేబులో పెట్టుకుంటున్నారు. మార్గరెట్ విండ్సర్లో ఒక వృద్ధుల హోమ్ చూసి పెట్టిందని, అక్కడ తలుపులకు అంకెల తాళం ఉంటుందని, ఆ అంకెలు లోపల ఉండేవాళ్ళకు చెప్పరని అన్నారు. "నా బతుకంతా తలుపు తీసుకుని లోపలికి రావటమే, మర్ఫీ. నాకు తీయటం రాని తలుపు ఇవతల నన్ను కూర్చోబెట్టకు." కళ్ళల్లో నీళ్ళు లేవు, కానీ నా చొక్కా చెయ్యి పట్టుకున్న ఆ వేళ్ళు చాలాసేపు వదల్లేదు. పొయ్యి ఫ్యూజు తీసేశాను. రోజూ మూడుపూటలా మేమే భోజనం తెస్తామన్నాను. ఆదివారం మార్గరెట్‌తో, నాన్నగారు బాగున్నారు, కాస్త మలబద్ధకం అంతే అన్నాను. ఆ మలబద్ధకమే నా గేదె. ఆమె నవ్వి, మందు పేరు చెప్పింది.

తర్వాతి మూడు నెలలు నేను పడ్డ భయం వర్ణించను. వర్ణిస్తే కోత అంటారు. కారిడార్లో అడుగుల చప్పుడైతే లేచేవాణ్ణి. ఫైరింజన్ మోత వినపడితే కింద కిటికీ వైపు వంగి చూసేవాణ్ణి. ఆయన ఇప్పుడు వేరే అంతస్తుల్లో కూడా పిడులు తిప్పుతున్నారు. ఐదో అంతస్తులో ఒకావిడ కెవ్వున అరిచిందని వాచ్‌మన్ చెప్పాడు. ఆయన నటుడు, ప్రాక్టీసు చేస్తున్నాడు అని వాడికి కూడా చెప్పాను.

జనవరిలో ఒక మధ్యాహ్నం, మైనస్ ఇరవై రెండు. నేను ఇంట్లోంచే ఆఫీసు మీటింగులో ఉండగా పద్మ కింది నుంచి ఫోన్ చేసింది. ఇల్లు బార్లా తీసి ఉందట. కోటు కొక్కేనికే ఉందట. బూట్లు గుమ్మంలోనే ఉన్నాయట. హెడ్‌సెట్ అలాగే వదిలేసి పరుగెత్తాను. పద్మ పైకి, నేను కిందికి. ప్రతి అంతస్తులో ప్రతి తలుపూ కొట్టాను. ముసలాయన వచ్చాడా, టై కట్టుకున్నాయన, తలుపు తీసే ఉంది అంటూ ఎవరైనా వచ్చారా? లేదు, లేదు, లేదు. కొందరు తలుపు సందులోంచి నన్నే అనుమానంగా చూశారు. నాలుగో అంతస్తుకొచ్చేసరికి నా గొంతు పోయింది. ఇంత పొందికగా అబద్ధమాడే నోటికి ఒక చిన్న నిజం అడగటం చేతకావటం లేదు.

చెత్తడబ్బాలున్న వెనక వైపు ఒక ఇనుప తలుపు ఉంది. మంటలంటుకుంటే బయటపడటానికి పెట్టింది. లోపలినుంచి నెడితే తెరుచుకుంటుంది, మూసుకున్నాక బయటినుంచి తీయటం ఎవరివల్లా కాదు. దాని చిన్న అద్దంలోంచి తెల్లటి తల కనిపించింది. మంచులో చెప్పులతో, చొక్కా, టైతో నిలబడి ఉన్నారు. కుడిచెయ్యి తలుపు పిడి మీద ఉంది. పెదవులు కదులుతున్నాయి. అద్దం దగ్గరికి వెళ్ళాక అర్థమైంది, లెక్కపెడుతున్నారు. నాలుగు దాకా లెక్కపెట్టి, పిడి తిప్పి, రాకపోతే మళ్ళీ ఒకటి నుంచి మొదలెడుతున్నారు. ముఖంలో కంగారు లేదు. లోపల ఎవరో అనాల్సిన మాట ఇంకా అనలేదని ఓపిగ్గా కాచుకున్న మనిషిలా ఉన్నారు.

నేను తలుపు నెట్టాను. ఆయన చెయ్యి పిడికి అంటుకుపోయి తలుపుతోపాటే కదిలింది. నన్ను చూసి, "ఆలస్యమైందా?" అని అడిగారు.

"లేదండీ," అన్నాను. "రండి. తలుపు తీసే ఉంది."

కుడిచేతి రెండు వేళ్ళ కొసలు పోయాయి. ఆసుపత్రి కారిడార్లో నిలబడి మార్గరెట్‌కు ఫోన్ చేశాను. మొదటి పెసరట్టు దగ్గర్నుంచి కెటిల్, లైబ్రరీ, మలబద్ధకం అన్నీ వరసగా చెప్పాను. ఆమె అరవలేదు. అరిస్తే బాగుండేది. "మీరు చెప్పినప్పుడల్లా నాకు నిద్ర పట్టేది, మిస్టర్ మూర్తి" అంది. అంతే.

విండ్సర్ హోమ్‌కు రెండుసార్లు వెళ్ళాం. రెండోసారికి నన్ను గుర్తుపట్టటం పూర్తిగా పోయింది. బయటి తలుపుకు నిజంగానే అంకెల తాళం ఉంది. దాని పక్క కుర్చీలోనే ఎక్కువసేపు కూర్చుంటారని, ఎవరు లోపలికొచ్చినా చూస్తారని నర్సు చెప్పింది. నేను ఆయన గది బయట నిలబడ్డాను. ఏమంటారో, అసలేమైనా అంటారో అని ఆగలేకపోయాను. గబగబా తలుపు తీసి ఆ మాట అన్నాను. నవ్వలేదు. వేళ్ళ కొసలు పోయిన ఆ చెయ్యి ఎత్తి, కనుబొమలు ముడిచి, చాలా రోజులుగా మాట్లాడనివాడి గొంతుతో అన్నారు.

"రెండుకే తీశావు. వెనక్కి వెళ్ళి మళ్ళీ రా."

వెళ్ళాను. తలుపు మూసి, గోడకు నుదురు ఆనించి, పద్మ ముక్కు చీదటం వింటూ నాలుగూ లెక్కపెట్టి మళ్ళీ వచ్చాను. ఈసారి తల ఊపారు. ఆ వేసవి ఆయన చూడలేదు.

నిన్న నేను తలుపు తీసేసరికి ఎదురుగా ఒక పెద్దావిడ, చేతిలో కూరగాయల సంచి, మరో చేతిలో తాళంచెవి. పదకొండో అంతస్తులోకి, డెనిస్ గారి ఇంట్లోకి, కొత్తగా దిగిన పంజాబీ కుటుంబం తాలూకు ఆవిడ. నన్ను చూసి తడబడి, తర్వాత పెద్దగా నవ్వి, అంతస్తు తప్పానన్నారు. ఎవరైనా తప్పుతారు. లిఫ్టులో మీటలు అరిగిపోయి ఉన్నాయి. నాకు నవ్వు రాలేదు. లోపలికి పిలిచి మంచినీళ్ళిచ్చాను. తాగేదాకా ఆగి, మా అమ్మ వద్దన్న ప్రశ్న అడిగాను. ఎక్కడికని బయల్దేరారమ్మా, ఇలా ఇంతకుముందు ఎప్పుడైనా జరిగిందా అని. ఆవిడ నవ్వు కొంచెం తగ్గింది. కిందికి తీసుకెళ్ళి, తాళం తీసేదాకా నిలబడి, కొడుకు నంబర్ అడిగాను. ఒక్కసారి తప్పినందుకు నంబరెందుకు, వాడు ఊరికే కంగారుపడతాడు, చెప్పకు బాబూ అన్నారు. నేను కదలకపోయేసరికి చెప్పారు, పెరుగంటిన చేత్తోనే రాసుకున్నాను.

సాయంత్రం ఆవిడ కొడుక్కి ఫోన్ చేశాను. పిడి ఎన్నిసార్లు తిరిగిందో, ఆవిడ ఏమన్నారో, ఏది అడిగితే నవ్వు తగ్గిందో జరిగింది జరిగినట్టు చెప్పాను. ఒక్క గేదె కూడా లేకుండా.